పసరువాంతి

మన తెలుగిండ్లలో పసిబిడ్డ కడుపును గూర్చిన మాటలకు కొదువ లేదు. కడుపుబ్బరము, అజీర్తి, వాయువు, దిష్టి, బాలగ్రహము అని బిడ్డ కాళ్లు ముడుచుకొని యేడ్చినంతనే ఇంటి పెద్దలలో ఒక్కొక్కరు ఒక్కొక్క పేరు పెట్టుదురు. పేరునకు తగిన మందొకటి వంటింటి డబ్బాలో సిద్ధముగనే యుండును. వసకొమ్ము అరగదీసి నాకించుట, వాము కాచిన నీరు పోయుట, బొడ్డుచుట్టు ఇంగువ పూయుట మనము చిన్ననాటనుండి చూచుచున్నవే. కాని ప్రేగు మూసికొనిపోవుట యను దానికి మాత్రము మన యిండ్లలో పేరు లేదు. పేరు లేని రోగము ఉన్న పేర్లలో దేనిక్రిందనో దూరి దాగును. పుట్టిన నెలలోపలి బిడ్డలయందు ఈ దాగుడుమూతలు ఒక్కొక్కప్పుడు గంటలలోనే ప్రాణము తీయుచున్నవి. అందుచే ఆ సంగతినే ఈ నెల వ్రాయ బూనితిమి.

మేము వైద్యులము కాము. జనగామ, మహబూబాబాదు ప్రాంతముల పాఠశాలలలో చాలకాలము పనిచేసినవారము. మాయొద్ద చదివిన బాలికలు తల్లులైనప్పుడు పురుటిండ్లకు పోయి పలుకరించుట మాకు అలవాటు. అట్లు చూచినది కొంత, శిశుశస్త్రవైద్యులను అడిగి తెలిసికొన్నది కొంత ఇందు కలదు.

పాలు కక్కుట వేఱు, పసరు కక్కుట వేఱు. త్రాగిన పాలు కొంత తడవునకు తెల్లగనో, విఱిగి పెరుగు తునకలవలెనో వెలికి వచ్చినచో అది చాలవఱకు శిశుసహజము. పిత్తము సంగతి అట్లు కాదు. అది కాలేయమున పుట్టి, జీర్ణకోశమునకు దిగువనున్న చిన్నప్రేగు మొదటిభాగములోనికి సన్నని గొట్టముద్వారా దిగును. మొదట పసుపువన్నెతో నుండి, నిలువయైనకొలది ఆకుపచ్చనగును. త్రోవ తెఱచియున్నంత కాలము అది పాలతో కలిసి క్రిందికే పోవును. ఆ చోటికి దిగువ ఎక్కడనైన అడ్డు పడినప్పుడు వెనుకకు మఱలి నోటివెంట వచ్చును. కావున నెలలోపలి బిడ్డ ఆకుపచ్చగ కక్కినచో, శస్త్రవైద్యుడు పరీక్షించి కాదని చెప్పువఱకు ప్రేగులో అడ్డున్నట్లే యెంచవలెనని వైద్యుల నియమము. పచ్చగ కక్కిన ప్రతిబిడ్డకును ప్రేగు మూసికొనియుండదు. రక్తమున విషక్రిములు చేరినను అట్లగుట కలదు. కాని అదియు ఇంటిలో మాన్పదగిన జబ్బు కాదు గదా!

ఇచ్చట మన భాష చేయు చిక్కొకటి చెప్పక తప్పదు. మనకు పచ్చ యను మాట రెండు రంగులకు చెల్లును. పచ్చకామెర్లనగా పసుపు, పచ్చగడ్డి యనగా ఆకు. తల్లికి మొదట వచ్చు ముఱ్ఱుపాలు పసుపువన్నెగనే యుండును. బిడ్డ వానిని కక్కినను పసుపుగనే యుండును. “పచ్చగ కక్కిండు” అని ఫోనులో చెప్పినచో వినెడి దాదికి ముఱ్ఱుపాలే తోచవచ్చును. కనుక పాలకూర రంగు అనియో, చిక్కుడాకు రంగు అనియో చెప్పుట మేలు. అంతకంటె మేలు, మరకపడిన గుడ్డనే చూపుట. పురుటింట బిడ్డక్రింద పఱచుటకు పాతచీరల పేలికలు వాడుచుందురు. ఎఱ్ఱచీర, నీలిచీర ముక్కలమీద ఏ మరక పడినను గుర్తుపట్టలేము. పాత తెల్లపంచె ముక్కలు పఱచిన తల్లి తెలిసియో తెలియకయో బిడ్డకు గొప్ప ఉపకారము చేసినదగును.

అట్టి గుడ్డముక్క ఒక ప్రాణము నిలిపిన సంగతి మేమెఱుగుదుము. జనగామకు సమీపమున ఒక పల్లెలో మా పూర్వవిద్యార్థిని తొలికాన్పునకు పుట్టింటికి వచ్చి మగబిడ్డను కనెను. బిడ్డ రెండు దినములు చక్కగ పాలు త్రాగెను. నల్లని తొలివిరేచనమును అయ్యెను. మూడవరాత్రి పాలు త్రాగిన కొంతసేపటికి ఆకుపచ్చగ కక్కెను. ఏడ్పు లేదు, జ్వరము లేదు, కడుపు మెత్తగనే యున్నది. ఇంటి పెద్దది, అనగా ఆ పిల్ల అమ్మమ్మ, దీపము పెట్టి చూచి, “ఏం గాదు బిడ్డా, నువ్వేదో ఆకుకూర తిన్నవ్, గందుకే పాలు పసరైనయ్. పొద్దుగాల వాము నీళ్లు పోస్తే సల్లబడ్తడు” అనెను. అందులకా పిల్ల చెప్పిన ప్రత్యుత్తరము మాకు నేటికిని చిత్రముగ తోచును: “అమ్మమ్మా, మూడొద్దుల సంది ఎల్లిపాయకారం బువ్వ తప్ప నాకేం పెట్టిండ్రు? గీ ఆకుపచ్చ యాడికెల్లి వచ్చింది?”

పత్యము పేరిట బాలింతను మాడ్చు మన యాచారము మంచిది కాదని మేము పలుమాఱు వాదించినవారమే. ఆ రాత్రి మాత్రము ఆ పత్యమే ఆ పిల్లకు సాక్ష్యమయ్యెను! ఆమె గుడ్డను ఉతుకనీయక తలాపున పెట్టుకొనెను. తెల్లవాఱకముందే బిడ్డ మఱల కక్కగా తల్లిదండ్రులను లేపి ఆశా కార్యకర్తను పిలిపించెను. ఆమె గుడ్డను వాకిటి వెలుతురులో చూచి, “చెల్లె, ఇగ పాలియ్యకు, నేను 108కు ఫోన్ చేస్తున్న” అని తన పని తాను చేసెను. సాయంకాలమునకు బిడ్డ హైదరాబాదులో శస్త్రవైద్యుని చేతిలో నుండెను. కడుపు తెఱచి చూడగా చిన్నప్రేగంతయు మెలిపడి వంకాయరంగునకు తిరిగియుండెనట. మెలి విప్పి వెచ్చని తడిగుడ్డలు కప్పి కాచుకొనియుండగా మెల్లమెల్లగ ఎఱ్ఱవాఱెనట. ఇంకొక పూట జాగైనచో విప్పియు ప్రయోజనము లేకపోవునని వైద్యులు చెప్పిరి.

ఈ మెలి ఏల పడును? గర్భమున శిశువు ప్రేగులు కొన్నివారములు బొడ్డుత్రాడులో పెరిగి, సుమారు పదవవారమున కడుపులోనికి తిరిగివచ్చును. అట్లు వచ్చుచు ఒక క్రమమున చుట్టుదిరిగి, వెనుకనున్న గోడకు వెడల్పుగ అంటుకొనును. ఆ తిరుగుడు సగములో ఆగినచో ప్రేగంతయు సన్నని తొడిమకు వ్రేలాడు కాయవలె నుండును. అది ఏక్షణమున తిరిగినను దానిలోని రక్తనాళము బిగిసికొనిపోవును. నెత్తురందని ప్రేగు గంటలలో చచ్చును. అమెరికాలోని బోస్టను నగరమున విలియం లాడ్ అను శస్త్రవైద్యుడు 1936లో వివరించిన శస్త్రక్రియనే నేటికిని ఆయన పేరుతో ఈ బిడ్డలకు చేయుచున్నారు. మెలి పడినంతనే బిడ్డ రూపము చెడదు. కడుపు మెత్తగ నుండుటయు, బిడ్డ కళగ నుండుటయు చూచి మోసపోరాదు. కడుపుబ్బి, విరేచనమున నెత్తురు పడి, బిడ్డ వాడిపోవునప్పటికి మంచికాలము చాలవఱకు గడచిపోవును. పెద్దలు “కళగనే ఉన్నడు గద” అనుట ఎంత ప్రేమతో అన్నమాటయైనను, ఈ యొక్క సందర్భమున మిక్కిలి అపాయకరమైన మాట.

ప్రేగు మూసికొనుటలో ఇది యొక విధము మాత్రమే. కొందఱికి చిన్నప్రేగు మొదలే మూసికొనియుండును. ఎక్సురే తీసినప్పుడు కడుపులో గాలి రెండు బుడగలవలె కనబడును. ఇట్టి బిడ్డలలో సుమారు మూడవవంతు డౌన్ లక్షణములు గలవారుందురు. “ఎట్లాగూ మందబుద్ధియే గదా” యని శస్త్రచికిత్సకు వెనుదీయు కుటుంబములు కలవని వైద్యులవలన వింటిమి. ఆకలిగొన్న బిడ్డకు త్రోవ తెఱచుటకు బుద్ధిపరీక్ష పెట్టు హక్కు ఎవరికిని లేదని మా యభిప్రాయము. మఱికొందఱికి పెద్దప్రేగు చివర నరముల కణములు లేక, త్రోవ తెఱచియున్నను మలము కదలదు. కోపెన్‌హేగెను వైద్యుడు హిర్ష్‌స్ప్రుంగు 1886లో దీనిని వర్ణించెను. 1948లో స్వెన్సన్ దీనికి శస్త్రక్రియను కనుగొనెను. ఈ బిడ్డలను పట్టియిచ్చునది తొలివిరేచనము. నెలలు నిండి పుట్టిన ఆరోగ్యవంతులైన బిడ్డలలో నూటికి తొంబదిమందికి పైగా ఇరువదినాలుగు గంటలలోపల తారువంటి నల్లని విరేచనము చేయుదురు. ఒక పగలు, ఒక రాత్రి గడచినను కాకున్న బిడ్డను చూపవలెను. ఆముదము నాకించి ఎదురుచూచుట తగదు. మూసికొనిన కాలువలోనికి పైనుండి నీరు వదలినచో ఏమగునో మన సేద్యగాండ్రకు చెప్పనక్కఱలేదు.

ఇక నడుమ ప్రేగు తెగినట్లుగ మూసికొనిపోయిన బిడ్డలను గూర్చి చెప్పునప్పుడు మాకు కోపము ఆగదు. అట్టి బిడ్డ పుట్టినయింట మొదట ప్రశ్నింపబడునది తల్లియే. గ్రహణమునాడు కూరగాయ తఱిగితివా? కత్తిపీట ముట్టితివా? ఎవరి యుసురు పోసికొంటివి? ఈ ప్రశ్నలకు జవాబు 1955లోనే దొరకినది. దక్షిణాఫ్రికాలోని కేప్‌టౌనులో లౌ, బార్నార్డు అను ఇద్దఱు వైద్యులు గర్భముననున్న కుక్కపిల్లల ప్రేగునకు నెత్తురు తెచ్చు నాళములను కట్టి, మఱల గర్భముననే యుంచి పెరుగనిచ్చిరి. పుట్టిన పిల్లల ప్రేగులు మనబిడ్డల ప్రేగులవలెనే మూసికొనియుండెను. నెత్తురు అందని ముక్క ఎండి కరగిపోవుటయే దీనికి కారణమని తేలినది. ఆ బార్నార్డే పండ్రెండేండ్ల తరువాత, 1967లో, మనుష్యుని గుండెను మార్చి లోకప్రసిద్ధుడయ్యెను. గుండె మార్చిన సంగతి మన పల్లెలలోను తెలియును. తల్లి తప్పు లేదని తేల్చిన సంగతి మాత్రము చదువుకొన్నవారి యిండ్లకును చేరలేదు.

మహబూబాబాదు వైపు ఒక యింట జరిగినది వేఱొక రీతి కథ. ఆడబిడ్డ పుట్టెను. మూడవకాన్పు, మూడవ ఆడపిల్ల. ఎవరును ఉత్సాహముతో చూడలేదు. ప్రసూతి జరిగిన చోటనైనను బిడ్డను తలక్రిందుగనో బోర్లగనో పట్టి మలద్వారమున్నదా యని చూచినవారు లేరు. పేలికలకు మలము అంటుచునేయున్నందున ఎవరికిని అనుమానము రాలేదు. నిజమునకు మలద్వారమే లేదు. ఆడపిల్లలకు ఇట్టి లోపమున్నప్పుడు ప్రేగు చివర యోనిద్వారము చెంత సన్నని రంధ్రముగ తెఱచుకొనుట సాధారణము. మలము కొంచెము కొంచెముగ వచ్చుచుండును, ప్రేగు నిండుచుండును, కడుపుబ్బుచుండును. నెలదాటినపిదప సూది వేయుటకు వచ్చిన దాదియమ్మ గుడ్డ విప్పి చూచి కనిపెట్టెను. సుమారు అయిదువేల జననములకు ఒకరికి వచ్చు లోపమిది. పుట్టిన నిమిషమున అరనిమిషము చూచిన తెలియును. దీనికి చదువు అక్కఱలేదు, యంత్రము అక్కఱలేదు. ఆడపిల్లయైనను మగపిల్లవాడైనను బట్టకట్టుటకు ముందు చూడవలెనను తలంపు చాలును.

ఆ పిల్లకు చికిత్స మూడు విడతలుగ జరిగెను. మొదట పొట్టమీద ప్రేగునకు ద్వారము పెట్టి మలమునకు త్రోవ చేసిరి. కొన్ని నెలలకు క్రొత్త మలద్వారమును నిర్మించిరి. తుదకు పొట్టమీది ద్వారమును మూసివేసిరి. మెక్సికోలో ఆల్బెర్టో పెన్యా అను వైద్యుడు 1982లో ప్రకటించిన శస్త్రపద్ధతి దీనికి లోకమంతట మార్గమైనది. పొట్టమీద ద్వారమున్న నెలలలో ఆ కుటుంబము పడిన బాధలో సగము రోగమువలన కాదు. చుట్టములు గిన్నె వేఱుచేసిరి. “దీనికి రేపు పెండ్లి ఎట్లయితది” అని మూడునెలల పిల్లకు పెండ్లిచింత మొదలుపెట్టిరి. తండ్రి కూలిపని మాని బిడ్డ పొట్టమీది సంచిని తానే కడిగి మార్చుచుండెను. ఆయన చేతి శుభ్రతను ఆస్పత్రి దాదులే మెచ్చుకొనిరని వింటిమి. ఆ పిల్ల ఇప్పుడు బడికి పోవుచున్నది.

భూపాలపల్లి సీమకు పోయినకొలది కష్టము దారిలోనే యున్నది. పూర్వము ఈ మూడును చాలవఱకు వరంగల్లు జిల్లాలోనివే. 2016 అక్టోబరు 11న వేఱువేఱు జిల్లాలైనవి. జనగామకు హైదరాబాదు సుమారు ఎనుబదియైదు కిలోమీటర్లు. రైలు, పెద్దరోడ్డు రెండును కలవు. మహబూబాబాదునకును రైలున్నది గాని, పసరు కక్కు బిడ్డతో రైలువేళకు కాచుకొనుట పనికిరాదు. భూపాలపల్లికి ప్రయాణికుల రైలే లేదు. పలిమెల, మహాముత్తారము వంటి అడవి మండలములనుండి జిల్లా కేంద్రమునకు వచ్చుటయే యొక ప్రయాణము. అచ్చటినుండి వరంగల్లునకు మఱి డెబ్బది కిలోమీటర్లవఱకు. ఇంత దూరమున్నచోట నాటువైద్యుని గుడిసె దగ్గఱ కనబడుటలో వింత లేదు. ఉబ్బిన కడుపుమీద కాల్చిన సూదితో వాతలు పెట్టుట ఇంకను పూర్తిగ మాయలేదు. అట్లు పొట్టమీద వాతలతో ఆఱవనాడు పట్టణమునకు చేరిన బిడ్డనొకనిని మేము చూచితిమి. ప్రేగు చిల్లుపడి విషము ఒడలంతయు వ్యాపించియుండెను, బ్రదుకలేదు. ఆ తల్లిదండ్రులను మూఢులని తిట్టుటకు మాకు నోరు రాలేదు. తమకు తెలిసిన వైద్యునియొద్దకు వారు మొదటినాడే పరుగెత్తిరి.

మహబూబాబాదున 2022లోను, జనగామ, భూపాలపల్లులలో 2023లోను ప్రభుత్వ వైద్యకళాశాలలు వెలసినవి. ఇది మంచిమార్పు. ఐనను కళాశాల వచ్చినంతమాత్రమున పసికందుకు మత్తిచ్చి కోయగల శస్త్రవైద్యుడు అర్ధరాత్రి అచ్చట ఉండుననుకొనరాదు. దగ్గఱి ఆస్పత్రిలో చేయవలసినది బిడ్డను ప్రయాణమునకు సిద్ధము చేయుట. బయలుదేఱుటకు ముందే, పోవుచోట శిశుశస్త్రవైద్యుడు, ఖాళీ పడక కలవా యని ఆ వైద్యునిచేతనే ఫోను చేయించవలెను. 1953లో హైదరాబాదున వెలసిన నీలోఫరు వైద్యశాల వంటి పెద్ద శిశువైద్యశాలకు పోవు బిడ్డలు దారిలో రెండుమూడు గుమ్మములు తట్టి పోవుటచేతనే చాల కాలము కోల్పోవుచున్నారు. ఖర్చునకు జంకువారికి ఆరోగ్యశ్రీ కలదు. కాగితములు తెచ్చువఱకు బిడ్డను ఇంటియొద్ద నిలుపక, బిడ్డ ముందు పోయి కాగితములు వెనుక రావలెను.

దారిలో ఏమి చేయవలెను? పాలు, నీరు, మందు ఏదియు నోట పోయరాదు. ఆస్పత్రిలో ముక్కుగుండనో నోటిగుండనో జీర్ణకోశములోనికి సన్నని గొట్టము వేసి పసరును లాగివేయుదురు. ఆ గొట్టము మూతి మూయక తెఱచియుంచవలెను. లేనిచో కక్కినది ఊపిరితిత్తులకు పోవును. నరమునకు సెలైను, గ్లూకోజు ఎక్కింపవలెను. అన్నిటికంటె మఱచిపోవునది వెచ్చదనము. చల్లబడిన బిడ్డ మత్తునకును కోతకును తాళలేదు. బండిలో వేఱు సాధనము లేకున్న తల్లి రొమ్మున చర్మమునకు చర్మము తగులునట్లు పడుకొనబెట్టి పైన కప్పవలెను. కొలంబియాలోని బొగోటా నగరమున, వెచ్చబెట్టు పెట్టెలు చాలక, 1970ల చివర వైద్యులు మొదలుపెట్టిన ఈ పద్ధతి నేడు లోకమంతట మన్ననకెక్కినది.

ఇంతలో ఇంటివారు అడ్డుపడుదురు: “పచ్చి బాలింత, పురుడు తీరకుండ గడప దాటొద్దు.” బిడ్డను తండ్రియు నాయనమ్మయు తీసికొనిపోవుదురు, తల్లి ఇంటిలో రొమ్ము సలిపి ఏడ్చుచుండును. నడువగలిగిన తల్లిని వెంట తీసికొనిపోవలెనని మేము గట్టిగ చెప్పుదుము. వెచ్చదనమునకు ఆమె కావలెను. సంతకమునకు, సంగతి చెప్పుటకు ఆమె కావలెను. అంతకంటె ముఖ్యముగ పాలకు ఆమె కావలెను. శస్త్రచికిత్స యైన ప్రేగు పని మొదలుపెట్టుటకు దినములు, ఒక్కొక్కప్పుడు వారములు పట్టును. అంతవఱకు ఆహారమును నరముద్వారా ఇత్తురు. 1968లో ఫిలడెల్ఫియా వైద్యులు డడ్రిక్, విల్మోరు ప్రేగు దాదాపు లేని ఒక పసిబిడ్డను నరమునుండి ఇచ్చిన ఆహారముతోనే పెంచి చూపినప్పటినుండి, ఆకలిచే చచ్చు బిడ్డలనేకులు దక్కినారు. కాని నోటికి తొలిచుక్క ఇచ్చునాడు తల్లిపాలకు సాటి మఱియొకటి లేదు. ఆ దినమునకు పాలు ఎండిపోకుండ మూడుగంటలకొకసారి పిండుచుండవలెను. జనగామ పిల్ల తొమ్మిదిదినములు అట్లు పిండెను. పదవనాడు దాది వచ్చి, “అమ్మా, ఐదు చుక్కలు ఇయ్యి” అనినప్పుడు ఆమెకు సంతోషమున చేతులు వణికినవట.

శస్త్రచికిత్స కాలమున చేరిన బిడ్డలలో చాలమంది బ్రదుకుచున్నారు. నెలలు నిండనివారు, గుండెజబ్బు తోడైనవారు, ఆలస్యముగ చేరినవారు పోవుటయు కలదు. బ్రదికినవారికిని లోపలి కోతగాటులవద్ద ప్రేగులు అంటుకొని, ఏండ్లు గడచినపిదపకూడ మఱల అడ్డుపడవచ్చును. కావున అట్టి పిల్ల ఏ వయసుననైనను కడుపునొప్పితో పసరు కక్కినచో నాటి ఆస్పత్రి కాగితముతో సహా వెంటనే చూపవలెను. ఆ కాగితము చిన్నది, తేలికగ పోవును. జనగామ యింట దానిని రేషనుకార్డుతోపాటు ఇనుపపెట్టెలో పెట్టి, తాళపుచెవిని అమ్మమ్మ తన బొడ్డున దోపుకొనియున్నది.